సొరబుర్రలో గొంతు

మార్కండేయ బయటికి వచ్చేసరికి, ఆ పరాయి మనిషి కిటికీ కింద కూర్చుని సొరబుర్ర మూతికి మైనం అద్దుతున్నాడు.

మార్కండేయ ఒళ్లు భగ్గుమంది.

గద్వాలలో మార్కండేయ వాళ్ల నేత ఇంటికి చీర కొంగే పరువు. అలాంటి కొంగు మరో మగ్గం మీద దిగదు. దాని పోగుల లెక్క తండ్రి బాలకిష్టయ్య ఒక్కడికే తెలుసు. ఆయన పక్కన కూర్చుని "మూడు లేపు, రెండు విడువు" అంటూ పోతే, కొడుకు చేతులు ఆ మాట వెంట పోతాయి. విన్నది వేళ్లలోకి దిగుతుంది గానీ తలలో నిలవదు.

ముందే నేర్చుకోవచ్చు కదా అంటే, ఆ ఇంట్లో కుదరదు. తండ్రిని లెక్క అడగడమంటే "ఎప్పుడు పోతావు" అని అడిగినట్టే. మగ్గం మానిన రోజున ఆయనే చెప్పాలి. అందాకా కొడుకు నోరెత్తకూడదు.

ముసలాయనకేమో దగ్గు ఆగడం లేదు.

పరాయి మనిషి పేరు హన్మంతు. ఊరు ఇటిక్యాల అన్నాడు. మూడు రోజులుగా అరుగు మీదే పడుకుంటూ, మార్కండేయ భార్య భాగ్యలక్ష్మి పోసిన అంబలి తాగుతున్నాడు. మెడలో ఎప్పుడూ ఆ సొరబుర్రే. అది మాట పట్టే బుర్ర అన్నాడు. మన్ననూరు అడవిలో దొరికిన ఏదో వేరుతో లోపల పొగ పట్టించాడట. ఆ వేరు మళ్లీ కనబడలేదట. బుర్రలో ఒక్క గొంతే నిలుస్తుందట. మైనం తీస్తే ఉన్నదంతా ఒక్కసారి పలికి, ఇక పోతుందట.

కోటలో గ్రామఫోను ఉందంటేనే నోరు తెరుచుకుని వినే రోజులవి. సొరకాయ మాట్లాడుతుందంటే మార్కండేయ ఎందుకు నమ్ముతాడు? "గట్లయితే మా గుమ్మడికాయ పురాణం చెప్తది" అని నవ్వాడు.

ఇవాళ పొద్దున తండ్రి కొంగు లెక్క మొదలుపెట్టబోతుంటే, కిటికీ అవతల చిన్నపిల్ల గొంతు వినిపించింది.

"నాయినా, బువ్వ తిన్నవా?"

పక్కింటి పిల్ల అనుకున్నాడు. పొద్దు నడినెత్తికొచ్చేదాకా లెక్క సాగింది. చివరి పోగు పడగానే, కిటికీ దగ్గర ఏదో కదిలినట్టయి బయటికి ఉరికాడు.

"మా లెక్క దొంగిలియ్యమని నిన్ను ఎవలు పంపిండ్రు?"

హన్మంతు చెంపలు తడిగా ఉన్నాయి. దొరికిపోయిన దొంగ ఏడుపనుకున్నాడు మార్కండేయ.

"లెక్క నాకెందుకన్నా, నాది సేద్యం. మీ నాయిన దగ్గు మంచిగ లేదు. గీ బుర్ర పైలంగ ఉంచుకో."

మార్కండేయ బుర్ర లాక్కుని మనిషిని వాకిలి దాటించాడు. బుర్రను అటక మీదికి విసిరేశాడు.

పదో రోజున బాలకిష్టయ్య దగ్గుతూనే కన్నుమూశాడు. మగ్గం మానే తీరిక కూడా ఆయనకు దొరకలేదు.

తర్వాత మగ్గం మీదికి వచ్చింది ఒక పెళ్లిచీర. కొంగు దాకా నడిచి ఆగింది. మూడు లేపి రెండు విడిచాడు. ఆ తర్వాత? మూడుసార్లు నేశాడు, మూడుసార్లు విప్పాడు. తాతల నాటి పని తన చేతుల్లోనే ముగిసిపోతుందని మార్కండేయకు ఏడుపొచ్చింది.

భాగ్యలక్ష్మి అటకెక్కి బుర్ర దించింది.

"పోయేది ఏముంది? నువ్వు కూసో. ఒక్కసారే పలుకుతదట."

తాను బొగ్గుముక్క పట్టుకుని గోడ దగ్గర నిలబడి మైనం తీసింది.

ముందు దగ్గు వినిపించింది. ఆ వెనకే నాయిన గొంతు. మూడు లేపు, రెండు విడువు.

మార్కండేయ నేస్తూ పోయాడు. కళ్లు తుడుచుకోవడానికి చెయ్యి ఖాళీ లేదు. అక్షరం రాని భాగ్యలక్ష్మి, లేపితే గీత, విడిస్తే సున్న చుడుతూ గోడంతా నింపింది. చివరి పోగు పడ్డాక, ఆనాడు బయటికి ఉరికే తొందరలో తాను వినని మాట ఒకటి బుర్ర పలికింది.

"మంచిగ నేసినవ్ కొడుకా."

బతికినంతకాలం ఆయన అలా మెచ్చుకోగా మార్కండేయ విననే లేదు. బుర్రను కళ్లకద్దుకున్నాడు. గెంటేసినవాడి కాళ్లు పట్టుకుంటే తప్ప ఈ రుణం తీరదనిపించింది. తన చేత్తో పంచె నేసి, ఖాళీ బుర్రతో ఇటిక్యాల నడిచాడు.

హన్మంతు జ్వరంతో పోయి నెల దాటిందట. ఇంట్లో అతని అక్క తిమ్మమ్మ ఒక్కతే ఉంది. మార్కండేయ పంచె ఆమె ముందు పెట్టి, జరిగిందంతా చెప్పి, తప్పయిందన్నాడు. మీ తమ్ముడు మా ఇల్లు నిలబెట్టాడన్నాడు.

ఆమె పంచె వైపు చూడలేదు. బుర్ర తీసుకుని మూతి తడిమింది. మైనం లేదు.

"దీన్ల మా జములమ్మ ఉండాలె గద?"

"జములమ్మ ఎవరక్కా?"

"ఆని బిడ్డ. గత్తర రోగమొచ్చి పోయింది. దాని మాట ఒక్కటి దీన్ల పట్టి పెట్టుకున్నడు. తీస్తే పోతదని పదేండ్లు మైనం తియ్యలే."

ఆ పొద్దున కిటికీ దగ్గర "నాయినా, బువ్వ తిన్నవా" అన్నది పక్కింటి పిల్ల కాదని, తన నాయిన గొంతుకు చోటివ్వడానికి హన్మంతు కన్నబిడ్డ గొంతును గాలికి వదిలేశాడని మార్కండేయకు అప్పుడు తెలిసింది.