జైలరమ్మ వాంగ్మూలం

నా పేరు కుమారమ్మ, వయసు డెబ్బై తొమ్మిది. సింగపూర్‌లోని పుంగ్గోల్ పేటలో తొమ్మిదో అంతస్తు ఫ్లాటులో కొడుకు, కోడలు త్రివేణితో ఉంటున్నాను. నాకు చదువు రాదు, మతి మాత్రం ఉంది. ఆ సంగతే రాయిస్తున్నాను.

ఇరవై రెండేళ్లు ఒక జర్మన్ నటి ఇంట్లో వంట చేశాను. ఆమె కాపురం ఇక్కడే సింగపూర్‌లో, షూటింగులు జర్మనీలో. మొదట సినిమాలు, తర్వాత ఒకే టీవీ సీరియల్. అందులో ఆమెది ఖైదీ వేషం. ఇంట్లో పాఠం వల్లె వేసేటప్పుడు ఆమె ఖైదీ, నేను జైలరు. ఆమె నోటితో నేర్పితే ఇద్దరి జర్మన్ మాటలూ నాకు కంఠతా వచ్చాయి.

పోయిన నెల ఆమె చనిపోయిందని టీవీలో ఆ సీరియల్ ముక్క వేశారు. ఆమె కటకటాలు పట్టుకుంది. ఏడుపు ఆగక నేనూ ఆమెతో పాటు, "ట్యూర్ ఔఫ్! ట్యూర్ ఔఫ్!" అని అరిచాను.

"డోర్ ఆఫా? సరే అత్తయ్యా, ఆఫ్ చేశాలే," అంటూ త్రివేణి వాకిలి గ్రిల్లు మూసి తాళం వేసింది.

"అది జర్మన్ మాటే పిల్లా!"

"తెలుగే చదవలేరు, జర్మన్ ఎక్కడిది? మతి పోయింది మీకు."

ఆ తాళం మళ్లీ నాకోసం తీయలేదు. సోమవారం వృద్ధాశ్రమంలో చేరుస్తారట. నాకు జర్మన్ వచ్చని చెప్పగల ఒక్క మనిషీ పోయింది.

ఇన్నేళ్లూ పాఠంలో జైలరునై వంటింటి తలుపు ఆమె ముఖం మీద మూసినదాన్ని నేనే. ఇప్పుడు ఖైదీ మాట నా వంతుకొచ్చింది. ఆ మాటకు అర్థం, తలుపు తెరవమని.

కుమారమ్మ వేలిముద్ర, గ్రిల్లు సందులోంచి వేసినది.

సాక్షులు: ఎదురింటి సరయు, బయట నిలబడి రాసినది, ఆమె భర్త వికాస్, ఫోనులో వెతికి ఆ అర్థం నిజమేనని చూసినవాడు.