జాఫర్ దస్తూరి

"తియ్! ముందు ఈ డబ్బను నా బల్ల మీదికెల్లి తియ్!"

జాఫర్ అరుపుకి వనపర్తి రిజిస్ట్రేషన్ ఆఫీసు ముందున్న జనమంతా ఇటు తిరిగారు. ఇరవై ఆరేళ్లుగా ఆ రేకుల పందిరి కింద కూర్చుని దస్తావేజులు రాస్తున్న మనిషి జాఫర్. అలాంటివాడి బల్ల మీదికే కంప్యూటర్ తెచ్చి పెట్టాడు మధు. పక్కనున్న జిరాక్స్ షాపు నర్సింహులుకి అల్లుడతను, హైదరాబాదు నుంచి దిగాడు. ఎంత పొగరు ఉండాలి!

"చాచా, జర సూడు. గిది వేరే తీరుది."

"ఏంది సూసేది? మీ మామ షాపుల ఉన్నది గద ఒకటి, టకటక కొట్టేది! దాన్ల కొట్టిన కాయితం ఒక్కడన్న ముట్టిండా?"

అది నిజమే. టైపు అక్షరం ఎవరిదని చెప్పాలి? రేపు పొలం తగాదా వస్తే సాక్ష్యానికి ఎవర్ని పిలవాలి? అదే జాఫర్ అక్షరమైతే పెబ్బేరు, ఘనపూర్ నుంచి వచ్చే చదువురానివాళ్లు కూడా ఆమడ దూరం నుంచే గుర్తుపడతారు. తోకలు సాగిన ఆ గుండ్రటి రాత కనబడితేనే వేలిముద్ర వేస్తారు. కాగితం చివర 'దస్తూరి: జాఫర్' అని ఉంటే వాళ్లకి అదే భరోసా. ఆ రాత మీదే జాఫర్ ఇంట్లో పొయ్యి వెలుగుతోంది. ఆ రాత వల్లే నర్సింహులు కంప్యూటర్ దుమ్ము కొట్టుకుపోతోంది.

కోపం పట్టలేక జాఫర్ ఆ కంప్యూటర్‌ని పట్టుకుని గుంజాడు. కీబోర్డు ఊడి చేతిలోకి వచ్చింది. అద్దం పలక బల్ల మీదే ఉండిపోయింది.

"ఇరిగిందా?" అన్నాడు జాఫర్, గొంతు కాస్త తగ్గించి.

"లేదు చాచా, అది ఊడేదే. దీనికి కీలతోటి పనిలేదు. కలంతోటి రాస్తే సాలు, ఎవల రాతనైన గుర్తువడ్తది." మధు పుల్లలాంటి నల్లటి కలం ఒకటి చూపించాడు. "నీ రాత గూడ."

పుండు మీద కారం చల్లినట్టయింది జాఫర్‌కి.

"నా రాతనా? మా ఉస్తాద్ తాన ఏడేండ్లు దెబ్బలు తిని నేర్సుకున్న! నీ పలకకు అందుతదా?"

"పందెం."

"దే కలం! ఆగు, ఈ కీలు నా తాననే ఉంటయి. నువ్వు సాటుంగ ఒత్తి మోసం జేస్తవ్." కీబోర్డుని తొడ కింద పెట్టుకుని కూర్చున్నాడు. ఇక మధు ఆటలు సాగవనుకున్నాడు.

'అ' రాశాడు. కిందనే టైపు 'అ' వచ్చింది. 'ఆ' రాశాడు. అదీ వచ్చింది. జాఫర్ మొహం కందగడ్డయింది. గుణింతాలు ఎత్తుకున్నాడు.

"అలసినవా చాచా? ఒత్తులు ఇడిసిపెడ్దమా?"

"నేను అలసుడేంది బే!"

ఒత్తులు రాశాడు, అంకెలు రాశాడు. ఎక్కడైనా గీత వణికితే మధు ఊరుకోలేదు. "ఇది సక్కగ రాలే చాచా, మల్ల రాయి" అన్నాడు. ఆ మాటకి పళ్లు కొరుక్కుంటూ ఒక్కో అక్షరాన్నీ ముత్యంలా దిద్ది రాశాడు జాఫర్. భార్య మెహరున్నిసా కట్టిచ్చిన సద్ది మూత కూడా తీయలేదు. ఆ పలకని ఓడించందే ముద్ద దిగేలా లేదు.

చివరికి 'ౠ' దగ్గర పలక తెల్లమొహం వేసింది. మళ్లీ రాశాడు. కింద ఏమీ రాలేదు.

"సూసిన్రా! గీడ సచ్చింది మిషన్!"

జనం చప్పట్లు కొట్టారు. మధు తల దించుకున్నాడు. "ఓడిన చాచా. నీ చేతికి దండం" అని, కీబోర్డు అడిగి తీసుకుని, పలకతో సహా మామ షాపులోకి వెళ్లిపోయాడు.

గెలిచినా జాఫర్‌కి మంట చల్లారలేదు. "ఇంకోపారి ఈ దిక్కు తెస్తే అద్దం పలగ్గొడ్త" అని కనబడినవాడికల్లా చెప్పాడు. సాయంత్రం దాకా చెబుతూనే ఉన్నాడు.

ఆఫీసు మూసే వేళకి ఒక ముసలామె స్టాంపు కాగితం పట్టుకుని గబగబా వచ్చింది.

"జాఫర్ భాయ్, వీపనగండ్ల సారమ్మను. కాయితంల తూర్పు హద్దు రాయ మర్సిపోయినవ్. ఆ దిక్కు చెన్నయ్య చెల్క ఉంటది, జర రాయి."

"నీకు నేనెప్పుడు రాసిచ్చిన?"

"గట్లంటవేంది? సదువు రాకపోతే నీ అక్షరం గుర్తువట్టనా?"

జాఫర్ కాగితం లాక్కున్నాడు. తోకలు సాగిన గుండ్రటి రాత. ఒక్కో అక్షరం ముత్యంలా ఉంది. తనదే, అనుమానం లేదు. ఈమెని మాత్రం జన్మలో ఇప్పుడే చూస్తున్నాడు. కాగితం ఇంకా వెచ్చగా ఉంది, అప్పుడే మిషన్‌లోంచి తీసినట్టు.

"ఎవలిచ్చిండ్రమ్మా ఇది?" అన్నాడు జాఫర్.

"నర్సింహులు షాపుల. ఇగ నుంచి నీ రాత ఆడనే దొరుకుతదంట గద, నువ్వు లేకున్నా!"