పన్నెండో పాట

“అది తీసెయ్ బాబూ” అంది పెద్దావిడ.

మేనేజరు చేతిలో పెన్ను ఆగిపోయింది. ఆవిడ తీసెయ్యమన్నది ఆషామాషీ పాటను కాదు, ‘ఆగని వాన’ను. పాతికేళ్ళుగా కాలేజీల్లో, కార్లలో, మంగలి షాపుల్లో మోగుతూనే ఉన్న పాట. ఆవిడ కొడుకు పాడిన హిట్ పాటలన్నీ ఏరి ఒక ఆల్బమ్‌గా వేస్తున్నారు. పన్నెండింటికే చోటు. పదకొండు ఖాయమయ్యాయి. ఈ ఒక్కటీ లేకుండా ఆల్బమ్ బయటికొస్తే, కంపెనీలో కొత్తగా చేరిన మేనేజరు ఉద్యోగం ఊడినట్టే.

“ఇంకోసారి శ్రద్ధగా వినండమ్మా. ఇవి పెట్టుకోండి” అంటూ హెడ్‌ఫోన్స్ అందించాడు.

“అవెందుకు బాబూ, ఉన్న నాలుగు వెంట్రుకలూ చెరుపుకోవడానికా?” అంది ఆవిడ, అతని పెదాల వంకే చూస్తూ.

ఏ పాటైనా విడుదలకు ముందు ఆవిడ ‘ఊ’ అనాలి. అది మొదటి పాట నుంచీ వస్తున్న పద్ధతి. బ్యాండు వాళ్ళందరూ ఆవిడను జడ్జిగారు అంటారు. గదిలో దీపాలన్నీ వెలగాలి, కొడుకు ఎదురుగా కుర్చీ వేసుకుని కూర్చోవాలి, అప్పుడే పాట పెట్టాలి. లేకపోతే ఆవిడ తీర్పు చెప్పదు. పెద్దవాళ్ళ చాదస్తం అనుకుని మేనేజరు పొద్దుటి నుంచీ సర్దుకుపోతున్నాడు.

మళ్ళీ పాట పెట్టి, తనే తల్లీకొడుకుల మధ్యలో నిలబడి హుషారుగా చిటికెలు వేశాడు.

“కాస్త అడ్డు తప్పుకో బాబూ.”

స్పీకరుకు అడ్డమొచ్చానని నాలుక్కరుచుకుని పక్కకు జరిగాడు. పాట అయిపోయింది. ఆవిడ తల అడ్డంగా ఊపింది.

“ఊహూ. ఇందులో మావాడు లేడు.”

“అప్పట్లో దీనికి ఊ అన్నది మీరేనట కదమ్మా!”

“అప్పుడు బాగుంది. ఇప్పుడు బాగాలేదు.”

“అదే రికార్డింగండీ! అక్షరం ముక్క మారలేదు!”

“అయితే ఏంటట? దీని బదులు ‘మేడ మీద గది’ వేసుకో.”

మేనేజరుకు నీరసం వచ్చింది. అలాంటి పాట ఒకటుందని అభిమానులకే తెలీదు. “మొండి ముసలమ్మ” అని ఆవిడ వెనకాల కాస్త గట్టిగానే గొణిగాడు. ఆవిడ ఉలకలేదు, పలకలేదు. బయటికొచ్చి యజమానికి ఫోన్ చేశాడు.

“ఆవిడ వద్దందా? అయితే వద్దు. ఆవిడ కాదన్న పాటలు మూడు విడుదల చేసి, మూడుసార్లూ చేతులు కాల్చుకున్నాను. నీ ఉద్యోగానికేం ఢోకా లేదులే, ఆవిడ చెప్పింది రాసుకో” అన్నాడు యజమాని.

బతుకు జీవుడా అనుకుని వెనక్కి తిరిగితే, గాయకుడు కాఫీ కప్పుతో నిలబడి ఉన్నాడు. కళ్ళు తడిగా ఉన్నాయి.

“మీకు నిజం చెప్పనా? ఆ వాన పాటంటే నాకు మొహం మొత్తి నాలుగేళ్ళయింది. మా ఆవిడతో కూడా అనలేదు. అమ్మ ఎలాగో పట్టేసింది.”

“మరి ‘మేడ మీద గది’?”

“నాన్న పోయిన ఏడాది రాశాను. నా పాటలన్నిట్లో నాకదే ప్రాణం. ఆ సంగతీ ఎవరికీ చెప్పలేదు.”

గాజు తలుపు అవతల పెద్దావిడ కళ్ళజోడు సవరించుకుని, జాబితాలో పన్నెండో అంకె పక్కన తనే పాట పేరు రాస్తోంది. ఇందాక గొణిగినందుకు మేనేజరుకు సిగ్గేసింది. ఆవిడ మీద ఒక్కసారిగా ఇష్టం పుట్టుకొచ్చింది.

“ఏం చెవులండీ అమ్మగారివి! సంగీతం ఎవరి దగ్గర నేర్చుకున్నారు?”

గాయకుడు గాజు తలుపులోంచి తల్లికి చెయ్యి ఊపాడు. ఆవిడ తలెత్తి నవ్వింది.

“అమ్మకు తన పదో ఏటే జ్వరమొచ్చి రెండు చెవులూ పోయాయండీ.”