ఈల వేస్తే

"కొరియా సీరీసు ఇది. అందరికీ ముసుగులే. అండ్ల ఒక పోలీసోడు ఏషం గట్టి జొచ్చిండు!" భూపాలపల్లి అవతల ఇటుక బట్టీ గేటుకు తాళం వేసి, మేస్త్రి రాజలింగం ఫోన్ చూపించాడు. "మీల గూడ ఎవలన్న ఉన్నరా ఏంది?"

కూలీలెవరూ నవ్వలేదు. వాళ్లను గేటు దాటనివ్వడం లేదని తెలిసి, ఆరా తీయడానికి వేషం మార్చి కూలీగా చేరిన కానిస్టేబుల్ ఆస్మా తల దించుకుంది. దొరికితే తనకూ ఆ గేటు తెరుచుకోదు.

రాజలింగం ఉన్నట్టుండి ఈల వేశాడు. అందరూ ఉలిక్కిపడి ఒదిగారు. ఆస్మా మాత్రం పరేడ్‌లో లాగా మడమలు కలిపి నిటారుగా నిలబడిపోయింది.

"ఏందే, గట్ల నిలవడ్డవ్?" అతను దగ్గరికొచ్చాడు.

"నడుం పట్టిందట మేస్త్రీ," పక్కనున్న ముసలి రామి అందుకుంది. "పొద్దుగాలసంది వంగుతనే లేదు, పని దొంగ. అన్నీ ఏషాలే!" అంటూ ఆస్మా వీపు మీద ఒక్కటి చరిచింది.

రాజలింగం నవ్వుకుంటూ వెళ్లిపోయాడు.

రామి మట్టి పిసుకుతూ, తలెత్తకుండానే అంది:

"బిడ్డా, ఈలేస్తే జర వంగు. మీవోళ్లు వచ్చేదాక మా లెక్కనే ఉండాలె."