వంకర దుంగల లెక్క

"ఈయన ఆంజనేయప్రసాద్. రెండు వారాలు మనతో ఉంటారు. నీ పనంతా ఈయనకి చూపించు అఖిల్" అని చెప్పి మేనేజర్ చక్కా వెళ్లిపోయాడు.

అఖిల్ గుండెల్లో రాయి పడింది.

రెండు వారాలు, నీ పనంతా చూపించు. అంటే కేటీ. నాలెడ్జ్ ట్రాన్స్‌ఫర్. మనకి తెలిసిందంతా కొత్తవాడికి అప్పగించి, మనం మూటాముల్లె సర్దుకోవడం. అమెరికాలో మన సాఫ్ట్‌వేర్ వాళ్లకి ఆ రెండక్షరాలు వింటే అన్నం సహించదు.

పైగా రోజులు బాగాలేవు. క్యారీ ఊళ్లోని ఆ ఆఫీసు ఒక కలప కంపెనీది. ఊరికి గంట దూరంలో దాని సామిల్లు. వడ్డీలు పెరిగి కొత్త ఇళ్లు కట్టేవాళ్లు తగ్గారు. కోసిన పలకలు కోసినట్టే గుట్టలుగా పడి ఉన్నాయి. మిల్లులో మిగిలే చెక్కముక్కలు కొనే పేపర్ మిల్లు కూడా పోయిన ఏడాది మూతపడింది. ఏ రోజు ఎవర్ని పొమ్మంటారో తెలియదు. అఖిల్‌ది హెచ్‌వన్ వీసా. ఉద్యోగం పోతే రెండు నెలల్లో ఇంకోటి దొరకాలి. లేదంటే భార్య అంకితనీ, ఒకటో తరగతి చదివే కూతురు ఇషానీ వెంటేసుకుని విమానం ఎక్కాలి.

వచ్చినాయన అరవై దాటినవాడు. పాత స్వెట్టర్, మెడలో విజిటర్ బ్యాడ్జ్.

"మనదేవూరు బాబూ?" అన్నాడు నవ్వుతూ.

"తెనాలండీ. మీరే కంపెనీ నుంచి వచ్చారు?"

"అదిప్పుడే చెప్పకూడదు. ఏమనుకోకు."

ఏమనుకోకపోవడమేమిటి! అనుకోవాల్సిందంతా అఖిల్ అప్పుడే అనేసుకున్నాడు.

లంచ్‌లో పక్క సీటు నీరజ్ చెవిలో ఊదాడు.

"మామా, గాయన నీ సీటుకే వచ్చిండు, పక్కా. నా పాత కంపెనీల గిట్లనే అయింది. మనోన్ని తెచ్చి మనోని కుర్చీలనే కూసోబెడతరు."

ఇంట్లో అంకిత అంతకంటే గట్టిగా చెప్పింది.

"పిచ్చిమొహంలా అంతా చెప్పేయకు. చెప్పేస్తే ఇంక నీతో వాళ్లకేం పని? పైపైన చూపించి పంపించెయ్."

"పాపం పెద్దాయన, మర్యాదగానే ఉన్నాడే."

"మర్యాదగా ఉండక? కొట్టి లాక్కుంటారా?"

అదీ నిజమే అనిపించింది అఖిల్‌కి.

మర్నాటి నుంచి డమ్మీ కేటీ మొదలుపెట్టాడు. ఎప్పటివో స్లైడ్లు తీసి చూపించాడు. ఏమడిగినా "డాక్యుమెంట్‌లో ఉందండీ" అన్నాడు. పెద్దాయన విసుక్కోకుండా తలూపేవాడు. ఆ ఓపిక చూస్తే అఖిల్‌కి ఒళ్లు మండేది. అమ్మో, ఎంత ముదురో అనుకునేవాడు.

రెండో వారంలో ఇద్దరూ కార్‌లో మిల్లుకి వెళ్లారు.

పైన్ దుంగలు వరసగా వస్తున్నాయి. ప్రతి దుంగనీ లేజర్ చూస్తుంది. ఎటు తిప్పి కోస్తే ఎక్కువ పలకలొస్తాయో సాఫ్ట్‌వేర్ చెబుతుంది. వంకర దుంగ వస్తే మాత్రం ఎక్కడైనా ఆ సాఫ్ట్‌వేర్ చేతులెత్తేస్తుంది, సగం కలప పొట్టులో కలుస్తుంది. ఈ మిల్లులో కలవదు. ఎందుకంటే ఇక్కడి వంకర దుంగల లెక్క అఖిల్‌ది. ఎవరూ అడక్కుండానే ఒక చలికాలమంతా శనాదివారాలు కూర్చుని రాశాడు. చెప్పుకోవడం చేతకాక, మేనేజర్‌తో "కొంచెం ట్యూన్ చేశాను" అని ఊరుకున్నాడు.

ఒక వంకర దుంగ వచ్చింది. మిషన్ దాన్ని తిప్పి, కాస్త వాల్చి, కోసింది. పలకలు నున్నగా, నిటారుగా పడ్డాయి.

పెద్దాయన రెయిలింగ్ పట్టుకుని అలా చూస్తూ ఉండిపోయాడు.

"అబ్బ! ఇలా తిప్పమని దీనికెవరు నేర్పారు బాబూ?"

నేనేనండీ అనాలని అఖిల్ ప్రాణం కొట్టుకుంది. ఇన్నేళ్లలో ఆ మాట అడిగిన మొదటి మనిషి ఈయనే.

ఇషా గుర్తొచ్చింది. నోరు నొక్కుకున్నాడు.

"ఎవరూ కాదండీ. మిషన్ అమ్మిన వెండర్ ఇచ్చిందే. మిషన్‌తోపాటు వచ్చింది."

"నిజంగానా? మీవాళ్లెవరూ రాయలేదా?"

"లేదండీ."

"బాగా ఆలోచించి చెప్పు. నాకిది చాలా ముఖ్యం."

ముఖ్యం కాకేం! అనుకున్నాడు అఖిల్.

"వెండర్‌దేనండీ. ఇందులో మాదేం లేదు."

పెద్దాయన ముఖం చిన్నబోయింది. ఇద్దరూ ఆఫీసుకి తిరిగొచ్చారు. కారు దిగి, "ఉంటాను బాబూ" అని భుజం తట్టి వెళ్లిపోయాడు.

ఆ సాయంత్రం అఖిల్ ఇంటికి స్వీట్ బాక్స్ తీసుకెళ్లాడు.

"గండం గడిచింది" అన్నాడు. అంకిత ఊపిరి పీల్చుకుంది.

నెల తిరక్కుండా మిల్లు మూసేశారు. క్యారీ ఆఫీసు కూడా ఎత్తేస్తున్నామన్నారు.

హెచ్‌ఆర్‌లో పనిచేసే ప్రేమజ్యోతి గారికి లాప్‌టాప్ అప్పగించడానికి వెళ్లాడు అఖిల్. అతని కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"ఒక్కటి చెప్పండి మేడమ్. నా పని ఆ ప్రసాద్ గారికే ఇచ్చారు కదా?"

"ఆయనకా? ఆయనకి నీ పనెందుకు అఖిల్?"

"మరి ఎందుకొచ్చినట్టు?"

"డీల్ క్లోజ్ అయ్యేదాకా ఎవరితో అనొద్దన్నారు. ఇప్పుడు చెబితే తప్పేం లేదులే" అంటూ ఆమె తలుపు దగ్గరగా వేసి వచ్చింది.

"మూసేసిన మన మిల్లు మిషన్లన్నీ కొనుక్కున్న ఒరెగాన్ కలప కంపెనీ ఓనర్ ఆయనే. వంకర దుంగల్లో మనకొచ్చే దిగుబడి చూసి, ఆ లెక్క రాసిన మనిషెవరో కనిపెట్టి వీసాతో సహా తనతో తీసుకుపోవాలని పనిగట్టుకుని వచ్చాడు పాపం, అలాంటివాళ్లెవరూ ఇక్కడ లేరని ఎవరో చెప్పారట, పోయినవారమే ఆ ఉద్యోగం వెండర్ మనిషికి ఇచ్చేశాడు."