పక్కా రంగు

“ఫాస్ట్ అంటే మంచిదే గద సారూ?” అన్నాడు జనార్దన్, దవాఖాన చీటీని బల్ల మీద పరుస్తూ.

విద్యాసాగర్ నాంపల్లి బడిలో రసాయనశాస్త్రం చెప్పే మాస్టరు. ఆ రోజుల్లో శుక్రవారమే బడికి సెలవు కాబట్టి ఇంట్లో దొరికాడు. చీటీ మీద జనార్దన్ భార్య ప్రభావతి పేరు, దాని కింద ఇంగ్లీషులో ఒక్క వరస రాత. అందులో జనార్దన్ కూడబలుక్కుని చదవగలిగింది ‘ఆసిడ్-ఫాస్ట్’ అన్న మాట ఒక్కటే.

“మంచిదని ఎవరన్నరు?”

“ఎవరనాలె సారూ, నేనే అనుకున్న.”

జనార్దన్ ఆబిడ్స్‌లో ఒక బట్టల దుకాణంలో పదేళ్లుగా తాన్లు విప్పుతున్నాడు. చీరలు చూడవచ్చిన ప్రతి ఇల్లాలితోనూ ‘ఫాస్ట్ కలరమ్మా, పక్కా రంగు, ఎన్ని ఉతుకులుతికినా పోదు’ అని చెప్పీ చెప్పీ ఆ ఇంగ్లీషు మాట మీద అతనికి అంతులేని నమ్మకం. దవాఖానవాళ్లూ అదే మాట రాశారంటే భార్య ఒళ్లు గట్టిదనేగా అర్థం. ఆ సంబరంలో మూడేళ్ల కూతురు సౌభాగ్యకు దారిలో కొయ్య చిలక కూడా కొన్నాడు.

మాస్టరు నవ్వలేదు. చీటీ రెండుసార్లు చదివాడు.

“దేన్ని పరీక్ష చేసిన్రు?”

“కఫాన్ని. ఇద్దరికీ దగ్గేనాయె. నాది తాన్ల దుమ్ము, ఆమెది పొయ్యి పొగ. దవాఖానకు నువ్వు పో అంటే నువ్వు పో అని నెల సంది కొట్లాడుకుంటిమి. ఆఖరుకు సోమవారం నాడు ఆమెనే ఒక్కతి పోయి సీసా ఇచ్చొచ్చింది.”

“జనార్దన్, గిది జబ్బు పేరు కాదు,” అన్నాడు విద్యాసాగర్ నెమ్మదిగా. “విశేషణం. ఒకదాని గుణం చెప్పే మాట. ఆసిడ్ అంటే తేజాబ్. కఫాన్ని గాజుపలక మీద పూసి ఎర్రరంగు పట్టిస్తరు. తర్వాత తేజాబ్‌తోని కడుగుతరు. మామూలు సూక్ష్మజీవులైతే రంగు ఇడుస్తయి. ఎంత కడిగినా ఇడువకపోతే వాటిని ఆసిడ్-ఫాస్ట్ అంటరు. మీ దుకాణంల మాటనే. అర్థం గూడ అదే. పట్టింది పోదు.”

“ఆ పోనిదేంది సారూ?”

మాస్టరు కిటికీ వైపు చూశాడు. “కఫం చీటీల ఈ మాట రాస్తే ఒక్కదానికే రాస్తరు. క్షయ.”

జనార్దన్ చేతిలో చిలక అలాగే ఉండిపోయింది.

“మందు?”

“ఇంకా ఎవరూ కనిపెట్టలే. పాలు, గుడ్లు, మంచి గాలి అంటరు. ముందుగాల పిల్లను దూరం పెట్టు. రోగమున్నోళ్ల ఊపిరి పిల్లకు తగలనియ్యకు. ఈ రోజే.”

గన్‌ఫౌండ్రీలోని తన ఇల్లు ఎంతో దూరం లేదు. ఆ కాస్త దూరమూ జనార్దన్ కాళ్లీడ్చుకుంటూ నడిచాడు. ప్రభావతికి ఈ రోగమేమిటి? అంత శుభ్రమైన మనిషి. ‘వాకిట్ల ఉమ్మకుండ్రి, పిల్ల తొక్కుతది’ అని పోయిన వారమే జనార్దన్ మంచం పక్కన బూడిద పోసిన చిప్ప పెట్టింది. అంత పద్ధతి గల మనిషి కూడా. జనాభా లెక్కలవాళ్లు వచ్చి ఇంటాయన పేరేమిటని అడిగితే చెంగు నోటికి అడ్డం పెట్టుకుని, పక్కింటి వీరమ్మను పిలుచుకొచ్చి చెప్పించింది. ఆ సంగతి దుకాణంలో చెప్పుకుని ఎంత నవ్వాడో. ఇప్పుడు తలుచుకుంటే ఏడుపొచ్చింది. దేవుడికి కళ్లు లేవనుకున్నాడు.

ప్రభావతి వంటింటి గడపలో కూర్చుని పిల్లకు అన్నం తినిపిస్తోంది.

“ప్రభా, పిల్లను ఇడువు.”

“ఏమైంది? చీటీల ఏం రాసిన్రు?”

“ముందుగాల ఇడువు.”

పిల్లను ఆమె ఒళ్లోంచి లాక్కున్నంత పని చేసి, నాలుగడుగులు వెనక్కి వెళ్లి నిలబడ్డాడు. సౌభాగ్య చిలకను చూసి కిలకిలా నవ్వి తండ్రి మెడ చుట్టూ చేతులు వేసింది. అతను ఆ బుగ్గ మీద, నుదుటి మీద ముద్దులు పెట్టాడు.

“క్షయనట,” అన్నాడు. “మందు లేదట. పిల్లను గౌలిగూడల అమ్మ దగ్గర ఉంచుత. నువ్వు లేవని ఏడ్వకుండ రోజూ నేనే పోయి పక్కల పండవెట్టుకుంట. నీకు ఫికరొద్దు.”

ప్రభావతి చేతిలోని అన్నం ముద్దను కంచంలో పడేసింది. ఆమె తన గురించి ఒక్క మాటా అడగలేదు.

“పిల్లను దించుండ్రి,” అంది.

“వద్దు ప్రభా. నువ్వు ముట్టొద్దు.”

“నేను ముట్ట. ముందుగాల మీరు దించుండ్రి.”

తల్లి మనసు, ఊరుకుంటుందా అనుకున్నాడు జనార్దన్. జవాబు చెప్పబోతే దగ్గు తెర వచ్చింది. పిల్ల జుట్టులో ముఖం దాచుకుని దగ్గాడు. ప్రభావతి లేచి, ఎంగిలి చేత్తోనే వచ్చి వాకిలికి అడ్డం నిలబడింది. కళ్ల నీళ్లు ధారగా కారుతున్నాయి.

“దవాఖానల సీసా మీద రాయనీకి పేరడిగిన్రు,” అంది. “వీరమ్మ గూడ లేకపాయె. ఆ సీసాల కఫం ఎవరిదో, ఆ పేరు నా నోట్లకెళ్లి రాలే. అందుకని నా పేరు రాపిచ్చిన.”

“ఎవరిది?”

ఏడేళ్ల కాపురంలో మొదటిసారి ప్రభావతి భర్త పేరు పలికింది.