పక్క సీటాయన

బస్సు పలమనేరులో ఆగినప్పుడు ఒక ముసలాయన ఎక్కి, అమర్‌నాథ్‌ను దాటుకుని కిటికీ పక్కన కూర్చున్నాడు.

ఉతికి ఉతికి పల్చబడిన చొక్కా, ఒళ్ళో గుడ్డసంచి.

అమర్‌నాథ్ ల్యాప్‌టాప్‌ను కాస్త ఇటు తిప్పుకున్నాడు. బెంగళూరు నుంచి అదే పని. జర్మనీ చరిత్ర మీద, సాహిత్యం మీద తీస్తున్న డాక్యుమెంటరీకి వ్యాఖ్యానం రాస్తున్నాడు. మధ్యాహ్నం తిరుపతి స్టూడియోలో రికార్డింగు. ఒక్క భాగమే ఇంకా కుదరలేదు.

‘పక్కింటివాళ్ళను లారీలెక్కిస్తుంటే, కవిత్వం చదువుకున్న మనుషులు కిటికీ తెరలు దించుకున్నారు.’

ముసలాయన మెడ సాచి ఆ వాక్యం చదివి తల ఊపాడు.

“బాగుండాదప్పా. మీరే రాసినారా?”

“ఊఁ.”

“తెర ఎనకాల నిలబడినోడికి గూడా భయముంటాది. అది గూడా రాయండి.”

అడగని సలహా అమర్‌నాథ్‌కు రుచించలేదు.

“కొంచెం పని చేసుకోనివ్వండి.”

ముసలాయన కిటికీ వైపు తిరిగాడు. కండక్టర్ వస్తే తిరుపతికి టికెట్ అడిగాడు. అది అమర్‌నాథ్ చేతుల మీదుగానే ఆయనకు అందింది.

బంగారుపాళ్యం దగ్గర చెకింగ్ వాళ్ళు ఎక్కారు.

ముసలాయన జేబులు తడిమాడు. సంచి దులిపాడు. సీటు కింద వంగి చూశాడు. కిటికీ గాలికి ఎగిరిపోయిందో ఏమో, టికెట్ లేదు.

“తీసుకున్నాను నాయనా.”

“అందరూ ఇదే చెప్తారు. కండక్టర్, ఇచ్చినావా?”

“ఇంతమందిలో యాడ గుర్తుంటాది సార్?”

ముసలాయన అమర్‌నాథ్ వైపు తిరిగాడు.

“ఈ సారే అందించినాడు. అడగండి.”

బస్సంతా ఇటే చూస్తోంది. అవునంటే వాదన, సాక్ష్యం, సంతకం. రికార్డింగుకు ఆలస్యం.

“నేను గమనించలేదు” అన్నాడు అమర్‌నాథ్.

ముసలాయన అమర్‌నాథ్ మొహంలోకి చూశాడు. ఆ చూపులో కోపం లేదు. ఎప్పుడో విన్న మాటే మళ్ళీ విన్నట్టు ఉంది.

“దిగు, దిగు” అంటూ చెకింగ్ అతను ముసలాయన రెక్క పట్టుకుని దించేశాడు.

బస్సు కదిలింది. ఒక్క మాట. అంతకంటే ఏమీ అడగలేదు ఆ మనిషి. తిరుపతి దాకా అమర్‌నాథ్ ఒక్క అక్షరం రాయలేకపోయాడు.

స్టూడియోలో దర్శకుడు జయరామ్ ఫోన్ చేత్తో పట్టుకుని దిగాలుగా నిలబడి ఉన్నాడు.

“మీకు చెప్పకుండా ఒకాయన్ను పిలిపించినాను సార్. మన దాంట్లో వచ్చే కవితలు ఆయన గొంతుతోనే చదివిద్దామని. దారిలో బస్సులోంచి దించేసినారంట. వెనక్కి పోయినాడు. ఎంత బతిమాలినా, ఇంక రాను, మీ దాంట్లో నా కవితలు గూడా వద్దంటాడు.”

“ఎవరు?”

అడుగుతూనే అమర్‌నాథ్ ల్యాప్‌టాప్ సంచి కింద దించాడు.

“రాజారత్నం గారు సార్. ఎప్పుడో చనిపోయినాడని మీరు అనుకుంటా ఉండారే, మీరు కాలేజీ రోజుల్లో కంఠతా పట్టిన ఆ జర్మన్ కవితల్ని తెలుగు చేసినాయన.”